బ్యాలే పుస్తకాల మధ్య ఒక ఆదివారం

నెల్లూరు, ఆదివారం రాత్రి.

పొద్దుటి క్లాసు ముగిసి, చిన్నపిల్లలు గజ్జెలు విప్పి సంచుల్లో వేసుకొని వెళ్ళిపోయాక, మా దగ్గర చిన్ననాటి నుంచి కూచిపూడి నేర్చుకొని ఇప్పుడు బెంగళూరులో ఉద్యోగం చేసుకుంటున్న అమ్మాయి ఒక్కతే మిగిలింది. అక్కడ శని, ఆదివారాల్లో మోడర్న్ డాన్స్ క్లాసులకు వెళుతున్నదట. "టీచర్, గ్రాహమ్ అంటారు, కనింగ్‌హామ్ అంటారు, మధ్యమధ్య బ్యాలే మాటలు వాడతారు. నాకు పేర్లు తప్ప ఏమీ తెలియడం లేదు. ఏం చదవమంటారు?" అని అడిగింది. సాయంత్రానికి రాసి పెడతానని చెప్పాను. మధ్యాహ్నం భోజనాలయ్యేసరికి కరెంటు పోయింది. మేడ మీద గదిలో కిటికీలు తెరిచి, బీరువాలోని పుస్తకాలను చాప మీద పరుచుకొని కూర్చున్నాను.

ఇటువంటి ప్రశ్నకు చరిత్రతో మొదలుపెట్టమనడం మామూలు. అందుకు జెన్నిఫర్ హోమన్స్ 2010లో వెలువరించిన 'అపోలోస్ ఏంజెల్స్'ను మించినది నా దగ్గర లేదు. ఆవిడ స్వయంగా బ్యాలే నర్తకి కనుక, ఫ్రాన్సు రాజు 14వ లూయీ తానే వేదికనెక్కి నాట్యమాడిన సంగతినీ, 1661లో నాట్యానికి ఒక అకాడమీని స్థాపించిన సంగతినీ చెప్పేటప్పుడు కూడా, ఆస్థానంలో నిలబడవలసిన తీరు పాదాల అయిదు స్థానాలుగా ఎలా కుదురుకున్నదో శరీరానికి తెలిసేటట్లు చెబుతుంది. అయినా దీనిని జాబితాలో మొదట పెట్టలేదు. ఆరువందల పేజీలు దాటిన ఆ గ్రంథం చివర, బ్యాలే అంతరిస్తున్న కళేమోనని రచయిత్రి నిట్టూరుస్తుంది. ఒక్క బ్యాలే ప్రదర్శనైనా కళ్ళారా చూడని పిల్లకు ముందే చావు కబురు చల్లగా చెప్పడం నాకు ఇష్టం లేకపోయింది.

మొదటి స్థానం తమారా కర్సావినా 1930లో ప్రచురించిన ఆత్మకథ 'థియేటర్ స్ట్రీట్'కు ఇచ్చాను. సెయింట్ పీటర్స్‌బర్గ్‌లోని ఇంపీరియల్ నాట్యపాఠశాలలో పెరిగి, 1910లో రష్యన్ బ్యాలే నిర్వాహకుడు దియాగిలేవ్ బృందం 'ఫైర్‌బర్డ్' ప్రదర్శించినప్పుడు ప్రధాన పాత్ర ధరించిన నర్తకి ఆమె. తండ్రి కూడా నర్తకుడే. ఆ బడిలోని కట్టుదిట్టాలు, చేసిందే మళ్ళీ మళ్ళీ చేయించే సాధన, గురువు కంట పడాలనే ఆరాటం చదువుతుంటే రష్యా మంచును దాటి మన పాఠశాలల లోపలికి వచ్చినట్లుంటుంది. సిద్ధాంతం ముందు చదివితే తలకెక్కుతుందేమో గాని కాళ్ళకు దిగదు.

రెండవది నోవేర్ ఉత్తరాలు. ఫ్రెంచి నాట్యాచార్యుడు జాన్ జార్జ్ నోవేర్ 1760లో నాట్యం గురించి లేఖల రూపంలో ఒక పుస్తకం రాశాడు. నర్తకులు ముఖానికి ముసుగులు తీసేయాలని, కదలనివ్వని భారీ దుస్తులు తగ్గించాలని, అడుగుల నైపుణ్యం కంటే కథాభావం పలకడం ముఖ్యమని అందులో వాదించాడు. అభినయం చేసే మనవాళ్ళకు ఇందులో కొత్తేముందనిపించవచ్చు. కాని ముసుగు వెనుక ముఖాన్ని దాచుకొని ఆడిన రంగస్థలం మీద అది ఎంత పెద్ద మాటో ఊహించుకోవాలి. మనం ఏటా ఏప్రిల్ 29న ప్రపంచ నృత్య దినోత్సవం జరుపుతాం, జ్యోతి వెలిగిస్తాం, శాలువాలు కప్పుతాం. ఆ తేదీ 1727లో పుట్టిన ఈ నోవేర్ పుట్టినరోజు అని మా ఊరి వేదికల మీద ఎవరైనా చెప్పగా నేను ఇంతవరకు వినలేదు.

నోవేర్ లోపల ఉండి పోరాడాడు. ఇసడోరా డంకన్ బయటకు నడిచింది. బ్యాలే బూట్లను కాదని వట్టి పాదాలతో, వదులైన దుస్తులతో ఆడిన ఈ అమెరికన్ నర్తకి ఆత్మకథ 'మై లైఫ్' 1927లో, ఆమె నీస్ నగరంలో మెడలోని శాలువా కారు చక్రానికి చుట్టుకొని మరణించిన సంవత్సరంలోనే వచ్చింది. ఆ పుస్తకంలో ఆవేశం ఎక్కువ, తేదీల పట్టింపు తక్కువ. అందులోని ప్రతి సంఘటననూ సాక్ష్యంగా తీసుకోవద్దని, కదలిక శరీరంలో ఎక్కడ పుడుతుందని ఆమె వెతికిన పేజీలను మాత్రం రెండుసార్లు చదవమని చీటీ మీద రాశాను.

ఇక్కడి నుంచి జాబితా నాకు గురుశిష్య పరంపర లాగానే కనిపించింది, కాకపోతే తలకిందులుగా. మనకు గురువుగారి బాణీని నిలబెట్టడం శిష్యుల ధర్మం. పాశ్చాత్య మోడర్న్ డాన్స్ వారిలో పేరు పొందిన ప్రతి శిష్యుడూ గురువును వదిలి వెళ్ళినవాడే. అమెరికాలో ఆ నాట్యానికి తొలితరం నర్తకి అయిన రూత్ సెయింట్ డెనిస్ బడి నుంచి మార్తా గ్రాహమ్, డోరిస్ హంఫ్రీ బయటకు వచ్చారు. గ్రాహమ్ బృందం నుంచి మెర్స్ కనింగ్‌హామ్ బయటకు వచ్చాడు. అలా వెళ్ళిన ప్రతివారూ కొంతకాలానికి తమ పద్ధతిని పాఠంగా మార్చి, దానిని వదిలి వెళ్ళడానికి మళ్ళీ శిష్యులను తయారుచేశారు. తిరుగుబాటు అనే మాటకు మురిసిపోయే వయసులో ఉన్న మా అమ్మాయి ఈ వరుసను గమనించాలని నా కోరిక.

గ్రాహమ్ ఆత్మకథ 'బ్లడ్ మెమరీ' ఆమె కన్నుమూసిన 1991లోనే వెలువడింది. అయితే గ్రాహమ్‌ను చదివి అర్థం చేసుకోవడం కష్టం. అందుకే సాయంత్రం అమ్మాయి మళ్ళీ వచ్చినప్పుడు, బెంగళూరులో నేర్పిన కాంట్రాక్షన్, అంటే గ్రాహమ్ పద్ధతిలో నడుమును లోపలికి ముడుచుకొనే కదలిక, చేసి చూపించమన్నాను. గచ్చు మీద కూర్చొని, ఊపిరి వదులుతూ, కడుపును వెన్ను వైపు లాక్కొంది. కటిభాగం నుంచి మొదలైన వంపు ఒక్కొక్క ఎముకగా పైకి పాకి భుజాల దగ్గర ఆగిపోయింది. "మోకాళ్ళు పక్కలకు వంచి నిలబడే అరమండిలో నడుము నిటారుగా పెట్టీ పెట్టీ నాకు వెన్ను వంగడం లేదు టీచర్" అంది. 1930లో వచ్చిన 'లామెంటేషన్'లో గ్రాహమ్ సాగే బట్టతో కుట్టిన గొట్టం లాంటి దుస్తులో, బల్ల మీద నుంచి దాదాపు లేవకుండానే దుఃఖాన్ని చూపించిందని చెప్పి, పుస్తకం తెరిచే ముందు దాని వీడియో చూడమన్నాను.

హంఫ్రీ మరణించిన మరుసటి ఏడాది, 1959లో, వచ్చిన 'ది ఆర్ట్ ఆఫ్ మేకింగ్ డాన్సెస్' మాత్రం నృత్యం కూర్చే ప్రతివారి దగ్గరా ఉండవలసిన పుస్తకం. పడిపోవడానికీ నిలదొక్కుకోవడానికీ మధ్యనే కదలిక ఉన్నదని నమ్మిన మనిషి, రంగస్థలంలో ఏ మూల బలమైనదో, ఏ చోటు బలహీనమైనదో కూడా విప్పి చెప్పింది. నృత్యాలన్నీ ఉండవలసిన దాని కంటే పొడవుగానే ఉంటాయన్న హెచ్చరిక కూడా అందులో ఉంది. వార్షికోత్సవాలలో రాత్రి పదిన్నర దాకా కుర్చీలు అంటిపెట్టుకొని కూర్చునే మా నెల్లూరు తల్లిదండ్రులు ఈ సత్యాన్ని ఏ పుస్తకమూ లేకుండానే కనుగొన్నారు.

కనింగ్‌హామ్ కోసం ఆయన బృందంలో ఇరవై ఏళ్ళు ఆడిన కారొలిన్ బ్రౌన్ 2007లో వెలువరించిన 'ఛాన్స్ అండ్ సర్కమ్‌స్టాన్స్' రాశాను. ఆయన పద్ధతిలో సంగీతమూ నృత్యమూ వేరువేరుగా తయారై ప్రదర్శనలోనే కలుసుకుంటాయని చెప్పగానే, "మరి తాళం ఎవరు వేస్తారు?" అన్నది అమ్మాయి. నట్టువాంగం వినకుండా అడుగు వేయని మనకు ఆ ప్రశ్న రావలసిందే. ఆ బృందం 1964 ప్రపంచ యాత్రలో అహ్మదాబాదుకు కూడా వచ్చింది.

ఇవన్నీ పరాయి సంగతులని ఆమె అనుకోకుండా, రుక్మిణీదేవి అరండేల్ జీవితం కూడా చదవమన్నాను. రష్యన్ బ్యాలే నర్తకి అన్నా పావ్లోవా ప్రోత్సాహంతో, ఆమె బృందంలోని క్లియో నోర్డి దగ్గర బ్యాలే నేర్చుకొని, తరువాత భరతనాట్యానికి వచ్చి, 1936లో మద్రాసులో కళాక్షేత్ర అనే నాట్యపాఠశాలను స్థాపించింది ఆవిడ. మన నర్తకుడు ఉదయ్ శంకర్ కూడా 1923లో పావ్లోవాతో కలిసి ఆడినవాడే.

చివర తెలుగు పుస్తకం ఒకటి చేర్చాను: 13వ శతాబ్దంలో కాకతీయ గణపతిదేవుని గజసాహిణి, అంటే ఏనుగుల దళానికి అధిపతి, అయిన జాయప రాసిన 'నృత్తరత్నావళి'కి రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మగారి అనువాదం. ఎనిమిది అధ్యాయాలలో మొదటి నాలుగు మార్గానికి, అంటే శాస్త్రం చెప్పిన నాట్యానికి, ఇచ్చి, తక్కిన నాలుగు తన కాలంలో జనం ఆడుతున్న దేశి నృత్యాలకు ఇచ్చిన ఆ సేనాని, శాస్త్రానికీ చలామణిలో ఉన్న ఆటకూ సమానంగా చోటు పెట్టాడు. బెంగళూరు రైలుకు సంచి బరువవుతుందని అమ్మాయి కర్సావినానూ, హంఫ్రీనీ మాత్రమే తీసుకొంది. హంఫ్రీలో మార్జిన్ల నిండా నా పెన్సిల్ రాతలున్నాయి కనుక సంక్రాంతికి తిరిగి తెచ్చి తీరాలని గట్టిగా చెప్పి పంపాను.