చెవిలో సర్పి, వంకర మూతి, ఆగని ఈల: నా అనుభవం

సర్పి నడుముకో వీపుకో వస్తుందని విన్నాను గానీ, చెవిలోకీ వస్తుందని యాభై దాటేదాకా నాకు తెలియదు. మొదట నొప్పి. కుడి చెవి లోపల, చెవి వెనక ఎముక దగ్గర ఒకటే పోటు. చీము పట్టిందేమోనని మందుల షాపువాళ్లు చుక్కలిచ్చారు. తగ్గకపోగా చెవి దొప్పలో, రంధ్రం అంచున సన్నటి నీటి పొక్కులు లేచాయి. దువ్వెన తగిలితే ప్రాణం పోయేది.

ఆ వెంటనే ఒక పొద్దున పుక్కిలిస్తుంటే నీళ్లు నోట్లో నిలవకుండా కుడి మూల నుంచి కారిపోయాయి. అద్దంలో చూసుకుంటే మూతి ఎడమకు లాగేసి ఉంది. కుడి కన్ను మూతపడటం లేదు. మా ఆయన పక్షవాతమనే అనుకుని, ఒక్క మాట మాట్లాడకుండా ఆటో పిలిచారు.

ఎమర్జెన్సీలో డాక్టరమ్మ ముందుగా కనుబొమలు పైకెత్తమన్నారు. నుదుటి కుడివైపు ఒక్క ముడతా పడలేదు. నుదుటికి మెదడు రెండువైపుల నుంచీ ఆజ్ఞలు అందుతాయి కాబట్టి, మెదడులో స్ట్రోక్ వస్తే మామూలుగా నుదురు కదులుతుందట. నుదురుతో సహా సగం ముఖం పడిపోయిందంటే ముఖ నరానికే దెబ్బ తగిలిందన్నమాట. కారణం తెలియకుండా ముఖ నరం చచ్చుబడితే బెల్స్ పాల్సీ అంటారట, అదే అని రాయబోతూ, చెవి నొప్పి సంగతి చెప్పగానే టార్చి వేసి చూశారు. "ఇది రామ్‌సే హంట్ అమ్మా, సర్పే" అన్నారు.

జేమ్స్ రామ్‌సే హంట్ అనే అమెరికన్ నరాల వైద్యుడు 1907లో దీని గురించి రాశాడట. 2022లో పాప్ గాయకుడు జస్టిన్ బీబర్‌కీ ఇదే వచ్చింది. సగం ముఖం కదలకుండా అతను మాట్లాడిన వీడియో మా అబ్బాయి చూపించాడు. అంత డబ్బున్నవాడికీ తప్పలేదని మా వదిన తృప్తిపడింది.

నాకు చిన్నప్పుడు అమ్మవారు, అంటే ఆటలమ్మ (చికెన్‌పాక్స్), పోసింది. వేపాకు మీద పడుకోబెట్టారు, తగ్గాక తలకు పోశారు, దాంతో సరి అనుకున్నాం. సర్పి తెచ్చేదీ ఆ వైరసేనట, అది ఒంట్లోంచి పోదట. నరాల ముడుల్లో ఏళ్ల తరబడి నక్కి ఉండి, వయసు మీద పడ్డాకో ఒంట్లో సత్తువ తగ్గాకో లేస్తుందట. నాకు లేచింది ముఖ నరం ముడిలో. ఆ నరం చెవి ఎముకలోని సన్నటి సందులోంచి వెళ్తుంది. వాస్తే అక్కడ చోటుండదు. వినికిడినీ, ఒళ్లు తూలకుండా నిలవడాన్నీ చూసే నరం దాని పక్కనే ఉంటుంది కాబట్టి అదీ దెబ్బతింది.

మందులు అప్పటికప్పుడే మొదలుపెట్టారు. మూతి వంకర పోయిన 72 గంటల్లోపు వేస్తే ఫలితం బాగుంటుందన్నారు. వైరస్‌ను అణిచే వాలాసైక్లోవిర్ పూటకు 1000 మిల్లీగ్రాముల చొప్పున మూడు పూటలా, దాంతోపాటు మెల్లగా తగ్గించుకుంటూ పోయే స్టెరాయిడ్. కిడ్నీ జబ్బుంటే మోతాదు మారుతుంది, చూసి రాసి ఇవ్వాల్సింది డాక్టరే. స్టెరాయిడ్‌తో నా షుగర్ ఆకాశానికెళ్లింది, కొన్నాళ్లు ఇన్సులిన్ పొడుచుకోవాల్సి వచ్చింది. మా అమ్మాయి అప్పుడు కడుపుతో ఉంది. దానికి చిన్నప్పుడు అమ్మవారు పోయలేదని చెబితే, పొక్కులు ఎండి చెక్కు కట్టేదాకా ఇంటికి రానివ్వొద్దన్నారు.

చూడవచ్చినవాళ్లంతా మూతినే చూసేవారు. ఒకరు పావురం రక్తం రుద్దమన్నారు, ఒకరు సర్పికి మంత్రం వేయించి ఎర్రమన్ను పూయించమన్నారు. నన్ను మంచాన పడేసింది మాత్రం చెవి. తల తిప్పితే గది గిర్రున తిరిగేది. గోడ పట్టుకుని బాత్రూముకు వెళ్లి, అక్కడే వాంతి చేసుకునేదాన్ని. చెవిలో రాత్రీపగలూ సన్నటి ఈల. పైగా స్టీలు గిన్నె కింద పడితే ఆ చెవిలోనే దిమ్మెక్కిపోయేది. పెద్ద శబ్దాన్ని తగ్గించే చిన్న కండరం ఒకటి చెవిలో ఉంటుందట, దాన్ని ఆడించేదీ ముఖ నరమేనట.

కంటి విషయంలో డాక్టరమ్మ గట్టిగా చెప్పారు. రెప్ప పడకపోతే నల్లగుడ్డు ఎండి పుండు పడుతుంది. పగలంతా చుక్కలు, రాత్రి ఆయింట్‌మెంట్ పెట్టి, రెప్పను వేలితో కిందికి జరిపి పైన టేపు. టేపు అంటించడం మా ఆయన పని. మొదట్లో వెంట్రుకలు అంటుకుని పొద్దున పీకేటప్పుడు కళ్లనీళ్లొచ్చేవి. తర్వాత చెయ్యి తిరిగింది.

నేను తెలుగు టీచర్ని. పెదవులు కలవకపోతే ప, బ, మ పలకవు. సెలవు అయ్యాక బడికెళ్లి హాజరు తీస్తూ "పద్మ" అంటే గాలే వచ్చింది. ఆ పిల్ల పలికింది, ఎవరూ నవ్వలేదు. పిల్లలు మనం అనుకున్నంత చెడ్డవాళ్లు కారు.

మూతి నెలల మీద సర్దుకుంది. ఫిజియోథెరపిస్టు అద్దం ముందు మెల్లగా, చిన్నచిన్న కదలికలే చేయమన్నాడు, బలవంతంగా బిగించొద్దన్నాడు. నరం తిరిగి పెరిగేటప్పుడు తీగలు కలగలిసిపోతాయి, అందుకే ఇప్పటికీ అన్నం నములుతుంటే కుడి కన్ను కాస్త మూతపడుతుంది. కొత్తవాళ్లు కన్నుకొడుతున్నాననుకుంటారు. తల తిరగడం పోయింది. వినికిడి పరీక్ష గీసిచ్చే ఆడియోగ్రామ్‌లో మాత్రం కీచు శబ్దాల దగ్గర గీత కిందికి జారిపోయి ఉంది. కుక్కర్ విజిల్ ఏ వైపు నుంచి వస్తోందో తెలియదు. ఈల ఉండనే ఉంది. రాత్రి ఫ్యాన్ తిరుగుతుంటే కాస్త నయం.

సర్పికి టీకా ఉంది. షింగ్రిక్స్ మన దేశానికి 2023లో వచ్చింది, యాభై దాటినవాళ్లకు, రెండు నుంచి ఆరు నెలల ఎడంతో రెండు డోసులు. ఖరీదెక్కువ. మా ఆయనకూ చిన్నప్పుడు అమ్మవారు పోసిందని పట్టుబట్టి తీసుకెళ్లాను. మొదటి డోసు వేయించుకుని, చెయ్యి నొప్పంటూ ఇల్లంతా మూలుగుతూ తిరిగారు, అదీ నాకు వినపడే చెవి వైపే.