ఇస్త్రీ ఆగిపోయిన ఆదివారం

ఆదివారం వస్తే వారానికి సరిపడా బట్టలు ఇస్త్రీ చేసుకోవడం నా అలవాటు. పక్కన లాప్‌టాప్‌లో ఏదో ఒక సినిమా నడుస్తూ ఉంటుంది. దాన్ని చూసేది తక్కువ, వినేదే ఎక్కువ. ఇవాళ ఏం బుద్ధి పుట్టిందో, అమెరికన్ హాస్యనటుడు బస్టర్ కీటన్ మూకీ పెట్టాను. రెండో చొక్కా దగ్గరే తెలిసొచ్చింది, మూకీని వింటూ పని చేసుకోవడం కుదరదని.

1928లో వచ్చిన 'స్టీమ్‌బోట్ బిల్ జూనియర్'. చివర్లో తుఫాను. కీటన్ పడుకున్న మంచమే వీధిలో కొట్టుకుపోతుంటుంది. అది ఒక ఇంటి ముందు ఆగుతుంది. అతను లేచి, దిమ్మెరపోయి నిలబడతాడు. వెనక ఇంటి ముందు గోడ మొత్తం ఊడి అతని మీదికి పడుతుంది. పైఅంతస్తు కిటికీ సందు సరిగ్గా అతను నిలబడ్డ చోటికి రావడంతో బతుకుతాడు. ట్రిక్కు కాదు, నిజం గోడే. రెండు టన్నుల బరువట. ఒంటికి అటూ ఇటూ అంగుళాల జాగానే. షూటింగ్‌లో ఉన్నవాళ్ళు కొందరు చూడలేక మొహం తిప్పుకున్నారంటారు.

నేను మాత్రం తిప్పుకోలేదు. అందుకే నీలం చొక్కా కాలర్ మాడింది.

ఇక ఇస్త్రీ ఏం సాగుతుంది! పెట్టె స్విచ్ ఆపేసి అతని గురించి చదువుతూ కూర్చున్నాను. 1895లో కాన్సస్ రాష్ట్రంలో పుట్టాడు. అమ్మానాన్నలు ఊరూరా తిరిగి స్టేజి మీద ఆడేవాళ్ళు. చిన్నప్పుడే వీడినీ ఎక్కించారు. నాన్న పిల్లాణ్ణి ఎత్తి స్టేజి మీద విసిరేస్తుంటే జనం నవ్వేవారు. పట్టుకోవడానికి వీలుగా వాడి బట్టలకు సూట్‌కేసు పిడి కుట్టారట. తను నవ్వితే జనం తక్కువ నవ్వుతారని వాడు ఆ వయసులోనే కనిపెట్టాడు. ఆ తర్వాత సినిమాల్లోనూ అదే రాతి మొహం.

1917లో న్యూయార్క్‌లో హాస్యనటుడు రాస్కో ఆర్బకిల్ దగ్గర సినిమాల్లో చేరాడు. కెమెరాను ఇంటికి తీసుకెళ్ళి, విప్పి, మళ్ళీ బిగించాడని చెబుతారు. గోడకీ కిటికీకీ మధ్య లెక్క ఎక్కడి నుంచి వచ్చిందో నాకు అక్కడ అర్థమైంది. 1924లో 'షెర్లాక్ జూనియర్'లో రైలు మీంచి నీళ్ళ ట్యాంకు గొట్టం పట్టుకుని వేలాడినప్పుడు, నీళ్ళ ఉరవడికి కింద పట్టాల మీద పడ్డాడు. మెడ ఎముక విరిగిందని ఏళ్ళ తర్వాత ఎక్స్‌రేలో గానీ తెలియలేదు. నాకు దిండు మారితేనే మెడ పట్టేస్తుంది.

టాకీలు వచ్చి మూకీ నటుల్ని ముంచేశాయని ఎప్పుడూ వింటాం. ఇతని గొంతు బాగానే ఉంది, తొలి టాకీలకు డబ్బులూ వచ్చాయి. పోయింది పెత్తనం. 1928లో ఎంజీఎం స్టూడియోలో చేరాక స్క్రిప్టు ముందే రాసి చేతిలో పెట్టేవారు. సెట్లో ఏదో తోచి, అప్పటికప్పుడు సన్నివేశం కట్టే మనిషికి అది ఊపిరాడనట్టే. తాగుడు, విడాకులు, ఉద్యోగం ఊడటం వరసగా జరిగిపోయాయి. తర్వాత అదే కంపెనీలో ఇతరుల సినిమాలకు నవ్వుల సన్నివేశాలు రాసిపెట్టాడు. ఈ ముక్క దగ్గర చాలాసేపు ఆగిపోయాను. 1940లో ఎలినార్‌ని పెళ్ళి చేసుకున్నాక కాస్త కుదురుకున్నాడు. 1952లో చాప్లిన్ సినిమా 'లైమ్‌లైట్'లో చాప్లిన్‌తో ఒకే స్టేజి మీద కనిపించాడు, 1960లో గౌరవ ఆస్కార్ అందుకున్నాడు, 1966లో పోయాడు.

సాయంత్రానికి గోడ సన్నివేశం నాలుగోసారి చూస్తున్నాను. మా ఆవిడ వచ్చి కాలర్ చూసింది.

"ఏమైంది దీనికి?"

"గోడ కూలింది" అన్నాను.

మొహంలో ఏ మార్పూ లేకుండా నావైపు ఒకసారి, స్క్రీన్ వైపు ఒకసారి చూసి, మిగిలిన ఐదు చొక్కాలూ నా ఒళ్ళో పడేసి వెళ్ళింది.