జవాబు రాని ప్రశ్నల మధ్య పెళ్లి పనులు

చెల్లి పెళ్లి పనులు నా చేతికి వచ్చినప్పటి నుంచి నన్ను నేను గమనించుకుంటూ తెలుసుకున్న విషయం ఒకటి ఉంది. పొద్దుటి నుంచి తిరిగి తిరిగి కాళ్లు నొప్పి పుట్టిన రోజు రాత్రి నాకు హాయిగా నిద్ర పడుతుంది. అదే, చేయడానికి ఏమీ లేక, ఎవరో ఒకరు ఫోను చేస్తారని ఎదురుచూస్తూ గడిపిన రోజు మాత్రం కన్ను మూతపడదు. ఫోటోగ్రాఫరును ఒక చిన్న ప్రశ్న అడిగాను: పెళ్లి రోజు సాయంత్రం మీరే వస్తారా, మీ సహాయకుణ్ణి పంపిస్తారా? సందేశం పక్కన రెండు టిక్కులు పడ్డాయి, కాసేపటికి అవి నీలం రంగులోకి మారాయి, ఆ తరువాత ఏమీ లేదు. ఆయన చదివారని తెలిసింది కాబట్టి, చదివి కూడా ఎందుకు చెప్పలేదన్న కొత్త ప్రశ్న నాకు మిగిలింది. వాట్సాప్ ఈ నీలం టిక్కులను తెచ్చింది 2014 నవంబరులో. అవతలివారు చూశారన్న కబురును మాత్రమే అవి మోసుకొస్తాయి, వాళ్ల మనసులో ఏముందో చెప్పలేవు.

ఈ ఎదురుచూపు ఇంతగా ఎందుకు పీడిస్తుందో నాకు 2016లో లండన్ యూనివర్సిటీ కాలేజీ పరిశోధకులు ప్రచురించిన ఒక ప్రయోగం గురించి చదివాక అర్థమైంది. 45 మందిని కంప్యూటర్ ముందు కూర్చోబెట్టి, తెర మీద కనిపించే రాళ్ల కింద పాము ఉందో లేదో ఊహించమన్నారు; పాము ఉంటే చేతికి నొప్పి కలిగించే చిన్న కరెంటు షాకు తగులుతుంది. షాకు తప్పదని తెలిసినప్పటి కంటే, తగలడానికీ తగలకపోవడానికీ సగం సగం అవకాశం ఉన్నప్పుడే వారిలో ఒత్తిడి ఎక్కువగా కనిపించింది. "రాలేను" అని మొహం మీద చెప్పిన మనిషి మీద నాకు కోపం రాకపోవడానికీ, "చూద్దాంలెండి" అన్న మనిషి వల్ల రోజంతా మనసు కుదురుగా లేకపోవడానికీ కారణం ఇదేనని నా నమ్మకం.

దీనికి తోడు, సంతోషంగా జరిగే మార్పు కూడా మనిషికి బరువేనన్న సంగతిని మనం పెద్దగా పట్టించుకోము. జీవితంలోని 43 రకాల మార్పుల్లో ఏది మనిషికి ఎంత బరువో చూపిస్తూ అమెరికా మానసిక వైద్యులు థామస్ హోమ్స్, రిచర్డ్ రాహే 1967లో మార్కులు వేసినప్పుడు పెళ్లికి 50 వచ్చాయి, ఉద్యోగం పోవడానికి 47. కాబట్టి "శుభమా అని పెళ్లి జరుగుతుంటే ఈ దిగులేమిటి" అని ఎవరైనా అంటే మా చెల్లి నొచ్చుకోవలసిన పని లేదు.

జవాబు ఇవ్వని వాళ్లందరినీ నిర్లక్ష్యపు మనుషుల కింద జమకట్టడం న్యాయం కాదు. కొందరికి జవాబు నిజంగానే తెలియదు, వాళ్లు కూడా ఇంకొకరి మాట కోసం ఆగి ఉంటారు. కొందరు పని ఒత్తిడిలో చదివి, తరువాత రాద్దామనుకుని మరిచిపోతారు. అన్నిటికంటే కష్టమైనది, కాదని చెప్పడానికి మొహమాటపడే మనిషి మౌనం. బంధువుల్లో ఇది మరీ ఎక్కువ. వస్తారో రారో తేల్చని ఒక పిన్నికి ఇలా రాశాను: "పిన్నీ, మీరు వస్తే మాకు ఎంతో సంతోషం. ప్రయాణం వీలుకాకపోయినా ఎవరం ఏమీ అనుకోము, గదుల లెక్క కోసమే అడుగుతున్నాను." అంతకు ముందు ఎన్నిసార్లు అడిగినా తేలని విషయం ఆ సాయంత్రమే తేలింది, బాబాయి ఆరోగ్యం బాగాలేదట, మేము బాధపడతామని చెప్పలేదట. ప్రశ్నలోనే కాదనడానికి దారి వదిలిపెడితే మనుషులు నిజం చెప్పడానికి అంతగా జంకరు.

డబ్బు తీసుకుని పని చేసేవారి విషయంలో మొహమాటం పనికిరాదు, మర్యాద మాత్రం తప్పకూడదు. ఫోనులో ఏది మాట్లాడుకున్నా, పెట్టేసిన వెంటనే దాన్ని రాసి పంపడం నాకు అలవాటైంది. అలంకరణ పని ఒప్పుకున్న ఆయనకు పంపిన సందేశం ఇలా ఉంటుంది: "నమస్కారమండీ. ఇప్పుడు మనం అనుకున్నవి ఇవి. వేదిక సాయంత్రం నాలుగు గంటలకల్లా సిద్ధంగా ఉంటుంది, పూలు తెలుపు, పసుపు రంగుల్లో ఉంటాయి, మిగిలిన డబ్బు మర్నాడు ఇస్తాము. ఇందులో తేడా ఏమైనా ఉంటే బుధవారంలోగా చెప్పండి." పూల రంగు లాంటి చిన్న విషయాల్లో బుధవారం దాటితే ఇదే ఖాయమని కూడా చివర రాస్తాను. తేదీ, సమయం, డబ్బు, రద్దు చేసుకుంటే అడ్వాన్సు ఎంత తిరిగి వస్తుందన్న షరతు, ఈ నాలుగింటి విషయంలో మాత్రం మౌనాన్ని ఒప్పుకోలుగా తీసుకోకూడదు. "సరే" అన్న మాట రాతలో రావాలి, అడ్వాన్సుకు రసీదు ఉండాలి. ఇంకొకటి, మనతో బేరం మాట్లాడిన మనిషీ ఆ రోజు పని దగ్గర నిలబడే మనిషీ ఒకరే కాకపోవచ్చు కాబట్టి ఆ రెండో మనిషి పేరూ నంబరూ ముందే అడిగి తీసుకోవాలి.

మన వైపు నుంచి కూడా మాట ఒకటిగా ఉండాలి. నాన్న ఒకటి, అత్తయ్య ఒకటి, నేను ఒకటి చెబితే అవతలి మనిషి ఎవరికీ జవాబు చెప్పకపోవడంలో వింత లేదు. అందుకే ఒక్కో పనికి మా ఇంట్లో ఒక్కరమే మాట్లాడుతున్నాము, ఏది ఖాయం చేయాలన్నా ఆఖరి మాట చెల్లిది.

ఇక మనసు సంగతి. ఒక పుస్తకంలో ఎవరి దగ్గర ఏ పని ఆగి ఉందో, మళ్లీ ఏ రోజు అడగాలో రాసుకుంటున్నాను. పూర్తికాని పని బుర్రలో తిరుగుతూనే ఉంటుందనీ, దానికి ఎప్పుడు ఏం చేయాలో స్పష్టంగా నిర్ణయించుకుంటే ఆ పని ఇంకా మిగిలే ఉన్నా ఆలోచనల వేధింపు తగ్గుతుందనీ మసికాంపో, బామైస్టర్ అనే మనస్తత్వ శాస్త్రవేత్తలు 2011లో ప్రచురించిన ప్రయోగాల్లో చూపించారు. నా అనుభవమూ అదే. శుక్రవారం అడగాలని రాసి ఉంటే మంగళవారం నాడు ఫోను వంక చూడవలసిన అవసరం ఉండదు.

ఎంతవరకు వేచి ఉండాలో కూడా కోపం రాకముందే నిర్ణయించుకోవాలి. మా లెక్క ప్రకారం, తానే చెప్పిన గడువును వరుసగా రెండుసార్లు దాటేసిన మనిషిని వదిలేసి, జాబితాలో తరువాతి మనిషికి ఫోను చేయాలి. ఆ అలంకరణ ఆయన్ను అలాగే వదులుకున్నాము. రాతలో ఉన్న షరతును చూపించి అడిగితే అడ్వాన్సులో కొంత వెనక్కి ఇచ్చారు, కొంత పోయింది. పోయిన డబ్బు గురించి నాన్న బాధపడ్డారు కానీ, ఆ రాత్రి చెల్లి చాలా రోజుల తరువాత పెళ్లి ఊసు లేకుండా మాతో కూర్చుని భోజనం చేసింది.

ఫోటోగ్రాఫరు తానే వస్తానని రాతలో చెప్పారు. పెళ్లికొడుకు వాళ్ల వైపు నుంచి ఆయన అక్కగారు నాతో మాట్లాడుతున్నారు, ప్రతి ఆదివారం సాయంత్రం ఇద్దరం మా మా పుస్తకాలు తెరుచుకుని ఆగిపోయిన పనులను చదువుకుంటాము. ఈ వారం మిగిలినవి హాలు తాళాలు ఎవరు ఇస్తారన్నదీ, శుభలేఖలో వరుసలు సరిగ్గా పడ్డాయా లేదా అన్నదీ.