గడ్డిపోచలాంటి చేప, తోక కింద సంచి

మెక్సికో సింధుశాఖ తీరంలో, నడుము లోతు కూడా లేని నీటిలో, సముద్రపు గడ్డి నడుమ తానూ ఒక గడ్డిపోచలా కదలక నిలిచే సన్నని చేప ఒకటుంది. దాని పేరు గల్ఫ్ పైప్‌ఫిష్. శాస్త్రీయ నామం సింగ్నాథస్ స్కోవెల్లీ. టెక్సాస్‌లోని కార్పస్ క్రిస్టీ వద్ద దొరికిన నమూనాల ఆధారంగా ఎవర్‌మన్, కెండల్ అనే శాస్త్రవేత్తలు 1896లో దీనిని వర్ణించారు. సముద్ర గుర్రానికి దగ్గరి చుట్టమైన ఈ చేప సుమారు 18 సెంటీమీటర్ల వరకే పెరుగుతుంది.

ఒంటిని ఎముక పలకలు ఉంగరాల్లా చుట్టి ఉండటం వల్ల ఇది మిగతా చేపల్లా ఒంటిని అటూ ఇటూ వంచుతూ ఈదలేదు. వీపు మీది చిన్న రెక్కను వేగంగా అల్లాడిస్తూ మెల్లగా జరుగుతుంది. కోపీపాడ్ వంటి చిన్న జీవి కనిపిస్తే, రెండు కళ్లనూ దేనికది విడిగా తిప్పి చూసి, తలను ఒక్కసారి పైకి విదిల్చి, గొట్టంలాంటి మూతిలోకి నీటితో సహా దానిని పీల్చేసుకుంటుంది. దీనికి పళ్లు లేవు, జీర్ణాశయం కూడా లేదు.

ఇక నన్ను ఎన్నటికీ వదలని విషయం దీని సంతానం. ఆడ చేప తన గుడ్లను మగ చేప తోక కింద ఉన్న సంచిలో పెడుతుంది. ఫలదీకరణ ఆ సంచిలోనే జరుగుతుంది. అటుపై సుమారు రెండు వారాల పాటు పిండాలకు ప్రాణవాయువును, పోషకాలను అందించేది, లవణాల సమతుల్యాన్ని కాపాడేది తండ్రే. మగజీవి విషయంలో గర్భం అనే మాట వాడటానికి కొందరు సంకోచిస్తారు గాని, ఇక్కడ అంతకంటే సరైన మాట నాకు తోచదు. దాదాపు ప్రతి మగ చేపా ఒక్కో గర్భంలో ఒకే ఆడదాని గుడ్లను మోస్తుందనీ, ఆడవి మాత్రం పలు మగవాటితో జతకడతాయనీ జన్యు పరీక్షల్లో తేలింది. సంచులకే కొరత కనుక పోటీ పడేవి ఆడవే. లోతైన పొట్ట, దాని మీద వెండి చారల అలంకారం వాటికే ఉన్నాయి.

2010లో కింబర్లీ పాజోల్ట్, ఆడమ్ జోన్స్ ప్రచురించిన పరిశోధన మరొక మెట్టు ముందుకు తీసుకువెళ్లింది. పెద్ద ఆడ చేపల గుడ్లను మోసిన సంచుల్లో ఎక్కువ పిండాలు బతికాయి. ఒక గర్భానికి బాగా ఖర్చుపెట్టిన తండ్రి తరువాతి గర్భానికి అంతగా పెట్టలేకపోయాడు. అంటే ఆ సంచి కేవలం ఊయల కాదు. ఏ సంతానానికి ఎంత ఇవ్వాలన్న లెక్క కూడా అందులోనే నడుస్తుంది.

ఈ జాతి దాదాపు ఉప్పులేని మంచినీటిలో కూడా నిలదొక్కుకుంది గాని, తీరంలో దీని బతుకు ప్రధానంగా గడ్డి మీదే ఆధారపడి ఉంది: దాక్కునే చోటూ అదే, ఆహారం దొరికే చోటూ అదే. లోతులేని చోట మోటారు పడవలు వెళ్లినప్పుడు వాటి పంకాలు గడ్డిని వేళ్లతో సహా చీల్చివేస్తాయి. ఆ గాట్లు పూడటానికి ఏళ్లు పడుతుంది. కార్పస్ క్రిస్టీకి సమీపంలోని రెడ్‌ఫిష్ బేలో గడ్డిని అలా పెకలించడాన్ని 2006లో నిషేధించారు. 2013లో ఆ నిషేధం టెక్సాస్ తీరమంతటికీ వర్తించింది.