రక్తపు ట్యూబు వెంట నలభై మూడేళ్ళు

గురువారం, రాత్రి 9.30

ఇవాళ పొద్దుటి నుంచీ ల్యాబ్‌లో శాంపిల్ ప్యాకింగ్ శిక్షణ. కొత్తగా చేరిన టెక్నీషియన్లకు ప్రతిసారీ చెప్పే పాఠమే. రక్తం తీసిన ఊదారంగు మూత ట్యూబు మొదటి పొర. దాని చుట్టూ, పగిలితే లోపలి రక్తమంతా పీల్చుకునేంత దూది. అదంతా మరమూత బిగించే ప్లాస్టిక్ డబ్బాలో, అది రెండో పొర. బయట గట్టి పెట్టె, మూడో పొర. ఐస్ ప్యాకులు డబ్బాకూ పెట్టెకూ మధ్యనే ఉండాలి, ట్యూబుకు ఆనించకూడదు. ఆనితే రక్తం చలికి మంచులా గట్టిపడి ఎర్రకణాలు పగిలిపోతాయి, పరీక్షకు అడ్డొస్తుంది. పేరు, తేదీ, టైము ట్యూబు ఒంటి మీద రాయాలి, మూత మీద కాదు. మూతలు మారిపోతాయి. రోగి వివరాల కాగితం డబ్బా లోపల పెట్టకూడదు. ట్యూబు కారితే కాగితం తడుస్తుంది, పేరు చదవడానికి ఎవరో ఒకరు దాన్ని చేత్తో పట్టుకుంటారు.

ఈ నియమాలన్నీ ఎందుకో చెప్పాలంటే 1976లో కాంగో నుంచి బెల్జియంకు వెళ్ళిన ఒక థర్మాస్ ఫ్లాస్కు గురించి చెప్పక తప్పదు. ప్రాణాంతక జ్వరం తెచ్చే ఎబోలా వైరస్ తొలిసారి బయటపడింది ఆ ఫ్లాస్కులోని రక్తం నుంచే. ఆ రక్తం వెనక ఉన్న డాక్టరు జాన్-జాక్ ముయెంబే. మధ్యాహ్నం నుంచీ మనసంతా ఆయన చుట్టూనే తిరుగుతోంది.

ఆయన పుట్టింది 1942లో, అప్పటి బెల్జియన్ కాంగోలోని కిక్విట్‌లో, రైతు కుటుంబంలో. రాజధాని కిన్షాసాలోని లొవానియం యూనివర్సిటీలో 1969లో మెడిసిన్ పూర్తిచేశారు. వైరాలజీలో డాక్టరేట్ బెల్జియంలోని లూవెన్‌లో, 1973లో, ఎలుకల్లో వైరస్ ఇన్ఫెక్షన్ల మీద. తిరిగి వచ్చాక చూస్తే ల్యాబ్ లేదు, ప్రయోగాలకు ఎలుకలూ లేవు. దాంతో ఫీల్డుకు వెళ్ళారు. ల్యాబ్ చదువు చదివిన మనిషి, జబ్బులు జనంలో ఎలా పాకుతాయో వెతికే ఎపిడెమియాలజిస్టు అయింది అలా. ఆయన పనిలో ఈ రెండూ చివరిదాకా విడిపోలేదు. రోగి మంచం దగ్గర నిలబడ్డప్పుడు ట్యూబు గురించి, ట్యూబు చేతిలో ఉన్నప్పుడు ఊరి గురించి ఆలోచించగలిగారు.

1976 సెప్టెంబరులో ఉత్తర జైర్‌లోని (కాంగోకు అప్పటి పేరు) యాంబుకు మిషన్ ఆస్పత్రిలో మరణాలంటూ కబురొచ్చింది. టైఫాయిడో, ఎల్లో ఫీవరో అనుకుంటూ వెళ్ళారు. ఆస్పత్రి దాదాపు ఖాళీ, జనం భయపడి పారిపోయారు. కిన్షాసా నుంచి డాక్టర్లు మందులు తెచ్చారని రాత్రికి రాత్రే తెలిసి, తెల్లారేసరికి రోగులు తిరిగొచ్చారు. ముయెంబే గ్లవ్స్ లేకుండానే రక్తం తీశారు. సూది బయటికి లాగాక చిల్లు దగ్గర రక్తం ఆగకుండా కారుతూనే ఉంది. అలాంటిది ఆయన అంతకుముందు చూడలేదు. వేళ్ళ నిండా రక్తం. సబ్బుతో, నీళ్ళతో కడుక్కున్నారు. ఆపైన చనిపోయిన నర్సుల కాలేయం ముక్కలు కూడా పొడవాటి సూదితో తీశారు. అది ఎబోలా అని అప్పటికి ఎవరికీ తెలియదు, ఆ పేరే లేదు. ఆయనకు ఆ జబ్బు సోకకపోవడానికి సబ్బు, నీళ్ళు తప్ప మరో కారణం కనిపించదు. చేతులు కడుక్కోమని వందసార్లు చెప్పే బదులు ఈ ఒక్క సంగతి చెబితే చాలనిపిస్తుంది.

జబ్బు పాకింది సూదుల వల్ల. మొదటి రోగి 44 ఏళ్ళ టీచరు, ఆగస్టు 26న మలేరియా అనుకుని క్లోరోక్విన్ ఇంజెక్షన్ ఇచ్చారు. సెప్టెంబరు 8న చనిపోయాడు. ఆ ఆస్పత్రిలో నర్సులకు రోజూ పొద్దున్నే ఇచ్చేవి అయిదు సిరంజీలు. ఒకరికి వేశాక గోరువెచ్చని నీళ్ళలో జాడించి మరొకరికి వేసేవారు. సాయంత్రం ఎప్పుడైనా మరగబెట్టేవారు. వైరస్ ఎలా సోకిందో తేలిన 288 మందిలో 85 మందికి కనిపించిన ఒకే ఒక్క కారణం ఆ ఆస్పత్రిలో వేయించుకున్న ఇంజెక్షన్. సూది ద్వారా సోకినవాళ్ళలో ఒక్కరూ బతకలేదు. వైరస్ నేరుగా ఒంట్లోకి, అదీ ఎక్కువ మోతాదులో వెళ్ళింది కాబట్టి. మొత్తం 318 కేసులు, 280 మరణాలు. 17 మంది సిబ్బందిలో 11 మంది పోయారు. సెప్టెంబరు 30న ఆస్పత్రి మూతపడింది, ఆ తర్వాతే జబ్బు తగ్గుముఖం పట్టింది. ఆస్పత్రి మూస్తే జబ్బు తగ్గిందంటే ఏం అర్థమవుతోందో పిల్లలకు విడమరిచి చెప్పనక్కర్లేదు. మన పల్లెల్లో జ్వరమంటే సూది వేయించుకోవాలనే నమ్మకం ఇప్పటికీ పోలేదు కాబట్టి ఈ అంకెలు మనకు దూరపు అంకెలు కావు.

ముయెంబే అక్కడ జ్వరంతో ఉన్న ఒక నన్‌ను ఒప్పించి తనతో కిన్షాసా తీసుకొచ్చారు. ఆమె అక్కడే చనిపోయింది. ఆమె రక్తమే థర్మాస్‌లో, ఐసు మధ్య, విమాన ప్రయాణికుల సామానుతోపాటు ఆంట్‌వర్ప్ చేరింది. తెరిచి చూస్తే ఐసు కరిగిపోయింది, రెండు ట్యూబుల్లో ఒకటి పగిలింది. మూడు పొరలు లేవు. లోపలున్నది ప్రాణాంతకమని పంపినవాళ్ళకూ తెలియదు, తెరిచినవాళ్ళకూ తెలియదు. పగలని ఆ ఒక్క ట్యూబు నుంచి కొత్త వైరస్ బయటపడింది, ఒక నది పేరు పెట్టారు. చాలా ఏళ్ళు ఆ కథ ఆంట్‌వర్ప్‌లో మొదలైనట్టే చెప్పుకున్నారు. యాంబుకులో వేళ్ళు రక్తంతో తడిసిన డాక్టరు ఆ కథలో ఉండేవారు కాదు. అది అన్యాయమని ఇవాళ క్లాసులోనూ గట్టిగానే అన్నాను.

1995. ఈసారి ఆయన సొంత ఊరు కిక్విట్. రక్త విరేచనాలని ముందు డిసెంట్రీ అనుకున్నారు. కడుపులో పేగుకు చిల్లు పడిందనుకుని ఒక ల్యాబ్ టెక్నీషియన్‌కు ఏప్రిల్‌లో ఆపరేషన్ చేశారు, ఆపరేషన్ థియేటర్లో ఉన్నవాళ్ళకు సోకింది. లక్షణాలు చూడగానే ముయెంబేకు యాంబుకు గుర్తొచ్చింది, శాంపిళ్ళు పంపారు, మే నెలలో ఎబోలా అని తేలింది. 315 కేసులు, వాటిలో 80 వైద్య సిబ్బందివే. గ్లవ్స్, గౌన్లు, మాస్కులు వచ్చాక సిబ్బందిలో కొత్త కేసులు దాదాపు ఆగిపోయాయి.

అక్కడ ఆయన చేసిన ఒక పని మీద వాదన చాలాకాలం నడిచింది. జబ్బు నుంచి కోలుకున్న అయిదుగురి రక్తాన్ని జూన్ 6 నుంచి 22 మధ్య ఎనిమిది మంది రోగులకు ఎక్కించారు. దాతల రక్తంలో ఎబోలాను అడ్డుకునేందుకు ఒళ్ళు తయారుచేసుకున్న ఐజీజీ యాంటీబాడీలు ఉన్నాయి, వైరస్ జాడ (యాంటిజెన్) లేదు. రోగుల్లో నలుగురికి రక్తస్రావం, ఇద్దరు కోమాలోకి వెళ్ళారు. చనిపోయింది ఒక్కరే. మొత్తం వ్యాధిలో మరణాలు 80 శాతం ఉన్నచోట ఇది ఎంతో తక్కువ. కానీ ఇందులో లోపం ఉంది, పరిశోధకులే దాన్ని రాశారు. పోల్చడానికి రక్తం ఎక్కించని మరో గుంపు లేదు. పైగా ఆ ఎనిమిది మందికి మొదట్లోని రోగుల కంటే మెరుగైన సంరక్షణ దొరికింది. బతికించింది యాంటీబాడీలా, సెలైనా, నర్సింగా అన్నది తేలలేదు. తర్వాత గినీలో 2015లో కోలుకున్నవాళ్ళ ప్లాస్మాతో ట్రయల్ చేస్తే గట్టి ప్రయోజనం కనపడలేదు. ఎక్కించే ముందు ఆ ప్లాస్మాలో యాంటీబాడీ ఎంతుందో కొలవలేదు. ఒక సీసాలో ఎక్కువ, ఒకదాన్లో తక్కువ ఉంటే సగటున ఏమీ కనిపించదు. ఇలాంటి ఫలితం చూసి ఆలోచననే పారేయకూడదు, మోతాదును పట్టించుకోవాలి.

ముయెంబే పారేయలేదు. కిక్విట్‌లో కోలుకున్న మనిషి రక్తం 2006లో, అంటే పదకొండేళ్ళ తర్వాత, తీశారు. యాంటీబాడీలు అప్పటికీ ఉన్నాయి. వాటిని తయారుచేసే బి కణాల నుంచి ఒక్క యాంటీబాడీని వేరుచేశారు. అదే ఎంఏబీ114. అమెరికాలో నాన్సీ సల్లివాన్ బృందంతో కలిసి చేసిన పని. వైరస్ మన కణానికి అతుక్కునే చోటునే పట్టుకుంటుంది. కోతుల్లో, వైరస్ ఎక్కించిన అయిదు రోజుల తర్వాత ఇచ్చినా కాపాడింది. కిక్విట్‌లో ఎనిమిది మందికి ఎక్కించిన రక్తంలో ఏముందో తెలియదు. ఇప్పుడు ఒకే ఒక్క పదార్థం, కొలిచిన మోతాదు.

2018 నవంబరులో కాంగోలోనే పామ్ అనే మందుల ట్రయల్ మొదలైంది. అప్పటికి దేశానికి తూర్పున ఉన్న ఉత్తర కివూలో ఎబోలా పాకుతోంది. 681 మంది రోగులు, నాలుగు మందులు, లాటరీ పద్ధతిలో. 28 రోజుల్లో మరణాలు: జీమ్యాప్ 49.7 శాతం, రెమ్‌డెసివిర్ 53.1, ఎంఏబీ114 35.1, రీజన్-ఈబీ3 33.5. ఫలితాలు స్పష్టం కాగానే 2019 ఆగస్టులో మొదటి రెండింటినీ ఆపేశారు. ఎంఏబీ114 పొడి రూపంలో ఉంటుంది, ఒక్కో సీసా 400 మిల్లీగ్రాములు. మోతాదు కిలోకు 50 మిల్లీగ్రాములు, ఒక్కసారే. 50 కిలోల మనిషికి 2,500 మిల్లీగ్రాములు, అంటే ఏడు సీసాలు తెరవాలి. నీళ్ళు పోశాక మెల్లగా తిప్పాలి, కుదపకూడదు, నురగ వస్తుంది. కరెంటు సరిగా లేని చోట, గ్లవ్స్ మీద గ్లవ్స్ వేసుకుని, కళ్ళద్దాల లోపల చెమట కారుతుండగా ఏడు సీసాలు కలపడం ఎంత కష్టమో ఊహించుకోవాలి. ఒక్క డోసుతో అయిపోయే మందు అక్కడ ఎందుకు నెగ్గిందో అప్పుడు అర్థమవుతుంది.

ఆ ట్రయల్లో అన్నిటికంటే తరచుగా గుర్తు చేసుకోవలసింది మరొకటి. రక్తంలో వైరస్ తక్కువగా ఉన్నప్పుడే చేరినవాళ్ళలో ఎంఏబీ114 తీసుకున్నవాళ్ళ మరణాలు పది శాతం లోపు, 9.9. వైరస్ ఎక్కువయ్యాక వచ్చినవాళ్ళలో 69.9. మందు అదే, సీసా అదే. లక్షణాలు మొదలయ్యాక ఆలస్యమైన ప్రతి రోజూ చనిపోయే అవకాశం 11 శాతం పెరిగింది. కానీ తొందరపడి పరీక్ష చేస్తే మరో తప్పు జరగొచ్చు. జ్వరం మొదలైన 72 గంటల లోపు రక్తంలో వైరస్, దాని జన్యుపదార్థాన్ని వెతికే పీసీఆర్ పరీక్షకు దొరకనంత తక్కువగా ఉండొచ్చు. అందుకే నెగెటివ్ వచ్చినా 72 గంటలు దాటాక మళ్ళీ తీయాలి. మొదటి నెగెటివ్ చూసి ఇంటికి పంపితే ఆ మనిషి ఊరికి జబ్బు తీసుకెళ్తాడు. ట్యూబు మీద తేదీ, టైము రాయమని నేను పట్టుబట్టేది ఇందుకే. లక్షణాలు మొదలైన రోజు తెలియని నెగెటివ్‌కు విలువ లేదు.

2019 జులైలో అధ్యక్షుడు షిసెకెడి ఎబోలా పోరాటం బాధ్యతను ముయెంబేకు అప్పగించారు. ఆయనకు అప్పుడు 77 ఏళ్ళు. టీకా బృందాల మీద, చికిత్సా కేంద్రాల మీద దాడులు జరుగుతున్న కాలం. రోగి చుట్టూ ఉన్నవాళ్ళకు, వాళ్ళ చుట్టూ ఉన్నవాళ్ళకు వలయంలా టీకా వేసుకుంటూ వెళ్ళాలి. టీకాను మైనస్ 60 డిగ్రీల కంటే చల్లగా ఉంచాలి. కలిసినవాళ్ళను 21 రోజులు రోజూ వెళ్ళి చూడాలి. ఒక్క పేరు జాబితాలో తప్పిపోతే కొత్త గొలుసు మొదలవుతుంది. ఊరివాళ్ళు తలుపు తీయకపోతే జాబితా ఎలా పూర్తవుతుంది? కిక్విట్ నుంచీ ఆయన పట్టుకున్న పద్ధతి ఒకటే, ఊరి పెద్దల్ని, స్థానికుల్ని ముందు పెట్టడం. 2020 జూన్ 25న ఆ విడత వ్యాధి ముగిసిందని ప్రకటించేసరికి 3,470 కేసులు, 2,287 మరణాలు. గెలుపు అని పిలవడానికి నోరు రాదు.

ఆయన 1998 నుంచీ నడిపిన కిన్షాసాలోని జాతీయ పరిశోధన సంస్థ ఐఎన్ఆర్‌బీలోనే ఎబోలా శాంపిళ్ళను పరీక్షించి దాచుకోవాలన్నది ఆయన పట్టుదల. పరాయి దేశపు పరిశోధకులు కలిసి పనిచేయొచ్చు, ట్యూబులు మాత్రం బయటికి వెళ్ళిపోకూడదు. థర్మాస్ వెళ్ళిపోయిన నలభై మూడేళ్ళకు, ఒక కాంగో మనిషి రక్తం నుంచి పుట్టిన మందును కాంగోలోనే, కాంగో డాక్టర్లే పరీక్షించి చూశారు. ఆ ట్రయల్ వ్యాసంలో మొదటి పేరు కూడా ఆ సంస్థ డాక్టరుదే. ఈ సంగతి చదివినప్పుడల్లా మనసు నిండిపోతుంది.

సాయంత్రం క్లోరిన్ నీళ్ళ లెక్కలతో శిక్షణ ముగిసింది. నేలకూ బల్లలకూ 0.5 శాతం, చేతులకు 0.05. మన దగ్గర దొరికే బ్లీచింగ్ పౌడర్‌లో క్లోరిన్ మూడో వంతు ఉంటే 20 లీటర్ల బకెట్‌కు 300 గ్రాములు, చేతుల బకెట్‌కు 30. తెరిచిన సంచి తేమ పట్టి బలం పోగొట్టుకుంటుంది, కలిపిన నీళ్ళు ఎండలో ఉంచితే సాయంత్రానికి పనికిరావు, అందుకే ఏ రోజుకారోజు కలపాలి. ఒకమ్మాయి రెండు బకెట్లకూ ఒకేలాంటి మూతలు పెట్టింది. చేతులది ఏదో నేలది ఏదో తెలియకపోతే చర్మం కాలుతుంది. బకెట్ల ఒంటి మీద పెద్ద అక్షరాలతో రాయించాం.

రేపు రెండో బ్యాచికి థర్మాస్ కథ ముందుగా కాకుండా ప్యాకింగ్ చేతులతో చేశాక చెప్పాలి. పెట్టెలు పన్నెండు, ఐస్ ప్యాకులు ఫ్రీజర్‌లో పెట్టాను.