హార్మోనియం మూసేసి పాడదామా?

పాలకొల్లులో మా చర్చి క్వయర్‌లో నేను టెనర్, అంటే మగవాళ్లలో పై గొంతు. శనివారం ప్రాక్టీస్ అయ్యాక ఈమధ్య అందరికీ ఫోన్లో మాడ్రిగల్స్ వినిపిస్తున్నా. 16వ శతాబ్దపు ఇటలీ పాటలు. నలుగురో ఐదుగురో పాడతారు, ఒక్కో గొంతుది ఒక్కో వరస. భక్తి పాటలు కావు, ఎక్కువగా ప్రేమా విరహమూ.

ఇంగ్లండులో థామస్ వీల్క్స్ రాసినదొకటి 1601లో అచ్చయింది. ఆరు గొంతుల పాట. కొండ దిగడం అన్నచోట స్వరాలూ దిగుతాయి. ఇద్దరిద్దరుగా అంటే రెండే గొంతులు, ముగ్గురు ముగ్గురుగా అంటే మూడు, కలిసి అనగానే అందరూ. దేవత ఒంటరిదైంది అన్నప్పుడు ఒక్క గొంతే మిగులుతుంది! "గడుసు పిండమేరా వీడు" అంది ఆడవాళ్లలో కింది గొంతు, అంటే ఆల్టో పాడే మా అక్క. గెలీలియో తండ్రి విన్సెంజోకి మాత్రం ఈ గారడీ నచ్చలేదు, 1581లోనే వెక్కిరించాడు. నేను అక్క పక్షమే.

అప్పట్లో ఒక్కొక్కరికి తమ వరస మాత్రమే ఉన్న విడి పుస్తకం ఇచ్చేవారు. పక్కవాళ్లది చెవితో పట్టుకోవాల్సిందే. మాకేమో హార్మోనియం ఆగితే చాలు, టెన్షన్. క్రిస్మస్‌కి ఒక్క పాటైనా అది లేకుండా పాడదామంటున్నా. అన్నిటికంటే కింది గొంతు, అంటే బాస్ పాడే బాబాయి ఇంకా ఒప్పుకోలేదు.