ముప్పై దాటాక కమోగీ నేర్చుకున్నాను

ఐర్లండ్‌లోని కార్క్‌లో నాతో పనిచేసే నర్సు ఒకామె వాళ్ళ ఊరి క్లబ్‌లో జూనియర్ జట్టుకి (వయసును బట్టి కాదు, ఆట స్థాయిని బట్టి ఆ పేరు) ఆడుతుంది. హర్లింగ్ అంటే కర్రతో బంతిని కొట్టే ఐరిష్ ఆట. ఆడవాళ్ళ హర్లింగ్‌నే కమోగీ అంటారు, జట్టుకి పదిహేను మంది. "మనుషులు చాలట్లేదు, నువ్వూ రా" అని పట్టుబట్టింది. నాకు ముప్పై దాటాయన్నా వినలేదు.

చేరడం తేలికే. ఆన్‌లైన్‌లో రిజిస్టరై సభ్యత్వం డబ్బులు కట్టాలి. అవును, ఆడేవాళ్ళే కట్టాలి. ఇక్కడ జీతాల్లేవు, డబ్లిన్‌లోని క్రోక్ పార్క్ స్టేడియంలో ఆల్-ఐర్లండ్ ఫైనల్ ఆడిన అమ్మాయైనా మళ్ళీ తన ఉద్యోగానికి పోవాల్సిందే. ముఖానికి జాలీ ఉన్న హెల్మెట్ తప్పనిసరి. హర్లీ, అంటే యాష్ చెక్క కర్ర, నిలబడితే తుంటి ఎముక దాకా వస్తే చాలు. ఇంకా పొడుగైతే మణికట్టు తిరగదు.

అసలు కష్టం బంతిని లేపడం. స్లిటర్‌ని, అంటే ఆ బంతిని, నేలమీంచి చేత్తో తీయకూడదు. పరుగు ఆపకుండా మోకాళ్ళు బాగా వంచి, కర్ర కొసనున్న వెడల్పు భాగాన్ని బంతి కిందికి చటుక్కున దూర్చాలి. అది ఎగరగానే రెండో చేత్తో అందుకోవాలి. కర్రాబిళ్ళ ఆడిన చెయ్యే కదా అని ధీమాగా వెళ్ళాను. బిళ్ళయితే మనం లేపేదాకా పడుంటుంది. ఇది తడిగడ్డి మీద జారిపోతుంటే పక్కనుంచి ఇంకొకామె కర్ర వచ్చి పడుతుంది! వేళ్ళ కణుపులు వాచి, చేతికి గ్లౌజు ఎక్కని రోజులున్నాయి. పట్టాక నాలుగడుగులు వేసేలోపు కొట్టెయ్యాలి, లేదా కర్ర మీద నిలుపుకుని పరిగెత్తాలి. ఆ రెండోది నాకిప్పటికీ రాదు. అందుకే కార్నర్ బ్యాక్‌లో, అంటే మా గోల్ దగ్గర ఓ మూల కాపలాకి, పెట్టారు.

షార్ట్స్ వేసుకోవచ్చని కమోగీ సంఘం 2025 మేలో గానీ ఓటెయ్యలేదు. అప్పటిదాకా స్కార్టే, అంటే పైకి స్కర్టులా కనబడే నిక్కరే. 1904లో పుట్టిన ఆటకి ఇంతకాలం పట్టాలా అంటే, మా కోచ్ నవ్వి ఊరుకుంది.

మొదటి మ్యాచ్‌లో నేను కాపు కాయాల్సింది ఓ స్కూలు పిల్లని. గోల్ పైన అడ్డంగా ఉండే బార్ మీదుగా రెండు పాయింట్లు కొట్టేసింది. మూడోసారి కర్ర ఎత్తేసరికి వెనకనుంచి నా హర్లీ అడ్డం పెట్టి ఆపాను. గట్టు మీద ఎవరో నా పేరు తప్పుగా పలుకుతూ అరిచారు. ఓడిపోయాం.

ఇప్పుడొచ్చిన చిక్కు వేరు. ఆ నర్సూ నేనూ ఒకే జట్టు, ఒకే వార్డు. మ్యాచ్ రోజు ఇద్దరికీ సెలవు కావాలంటే మా మేనేజరమ్మకి చెమటలే.